ఉపాధ్యక్షుడి తల

ఎయిలా కర్హునెన్‌కి మనుషులంటే పడదు. ఈ మాట ఆమె మొహం మీదే అనొచ్చు, ఏమీ అనుకోదు. "మనుషులతో వచ్చిన చిక్కేంటంటే, బోనులో పెట్టి తలుపు వేయడం కుదరదు" అంటుంది.

మా ఊళ్ళో కాగితం మిల్లు నడిచినన్నాళ్ళూ ఆమె క్రేన్ నడిపింది. అంత ఎత్తున గాజు గదిలో ఒక్కతే కూర్చుని, ఎవరితోనూ మాట్లాడకుండా దుంగలు ఎత్తి దించడం. ఫిన్లాండ్‌లో అంతకంటే మంచి ఉద్యోగం లేదని ఇప్పటికీ ఆమె నమ్మకం. మిల్లు మూతపడ్డాక, దిక్కులేని జంతువులు దొరికితే ఉంచే పనికి మున్సిపాలిటీ మనిషి కోసం వెతికింది. ఒక్కరూ ముందుకు రాలేదు. ఎయిలా వెళ్ళి "అక్కడికి జనం వస్తారా?" అని అడిగిందట. "పెద్దగా రారు" అన్నారు. వెంటనే ఒప్పుకుంది.

పాత పాల డిపో ఇచ్చారు. తెల్ల టైల్స్ గోడలు, నీళ్ళు పోయే కాలువ, వరసగా బోనులు. ఏడాదిలో సగం నెలలు ఖాళీగానే ఉంటుంది. సెప్టెంబరులో నిండుతుంది. సరస్సు ఒడ్డు వేసవి ఇళ్ళకు తాళాలు పడేది అప్పుడే. వచ్చినవాళ్ళు పడవలు బోర్లిస్తారు, గొట్టాల్లో నీళ్ళు వదిలేస్తారు, పరుపులు గోడకు ఆనిస్తారు, కారెక్కి దక్షిణానికి వెళ్ళిపోతారు. పిల్లల ముచ్చట కోసం జూన్‌లో తెచ్చుకున్న పిల్లిని మాత్రం మరిచిపోతారు. మరిచిపోతారు అన్నది నేను మర్యాద కోసం వాడిన మాట. ఎయిలా వాడే మాట ఇక్కడ రాయలేను.

హీటరు పనిచేయని వ్యానులో బోను వేసుకుని ఆ ఇళ్ళ చుట్టూ తిరుగుతుంది. ఎరగా పెట్టేది దుకాణంలో రేకు పళ్ళెంలో అమ్మే లివర్ అన్నం. అందులో ఎండుద్రాక్ష పిల్లులకు పడదని ఏరి తనే తింటుంది. అక్టోబరు మొత్తం ఆమె భోజనం దాదాపు అదే.

కుక్క దొరికితే సాయంత్రానికల్లా ఎవరో ఒకరు ఏడుస్తూ వస్తారు. పిల్లి కోసం ఎవరూ రారు. చట్టం పెట్టిన గడువు దాకా చూడాలి. ఆ తర్వాత కొన్నిటికి ఇళ్ళు దొరుకుతాయి. దొరకనివాటికి, జబ్బు ముదిరినవాటికి సూది. సూది వేసేటప్పుడు పట్టుకుని కూర్చునేది ఎయిలానే. "తెలియని చేతులు ఎందుకు" అంటుంది. ఆ రోజు ఆమెను ఎవరూ పలకరించరు. మిగతా రోజుల్లోనూ పలకరించరు గానీ, ఆ రోజు కావాలని పలకరించరు.

మా వరస ఇళ్ళ పిల్లి గొడవ మొదలైంది తౌనో చెయ్యి వాయడంతో.

తౌనో మా ఇళ్ళ సంఘానికి అధ్యక్షుడు. మిల్లులో ఫోర్‌మన్‌గా చేశాడు. కింద నిలబడి చేతులు ఊపి ఎయిలాకు సైగలు చేసేవాడు, ఆమె పైనుంచి చూడనట్టు కూర్చునేది. భార్య పోయాక చివరి ఇంట్లో ఒక్కడే ఉంటున్నాడు. కొన్నేళ్ళ కిందట కట్టెల కొట్టు ఊడుస్తూ ఎలుక పెంటికల దుమ్ము పీల్చి ఎలుకజ్వరం తెచ్చుకున్నాడు. మూత్రపిండాలు పోయినంత పనైంది. ఆసుపత్రి నుంచి వచ్చిన వారమే చెత్తడబ్బాల గది తలుపుకి నోటీసు అంటించాడు. 'ఆవరణలో ఏ జంతువుకూ తిండి పెట్టరాదు. తిండికి ఎలుకలు వస్తాయి. ఎలుకలతో రోగాలు వస్తాయి. తౌనో, అధ్యక్షుడు.' పిట్టలకు గింజలు వేసినా తలుపు తట్టేవాడు.

అలాంటివాడి కుడిచెయ్యి ఒకరోజు పొంగిన పిండిముద్దలా ఉబ్బింది. ఆరోగ్య కేంద్రంలో నర్సు అడిగితే, చెత్తడబ్బాల దగ్గర తెలియని పిల్లి కరిచిందన్నాడు.

'తెలియని' అన్న మాట మా ఊళ్ళో అనకూడదు. అడవి దాటితే సరిహద్దు. అటువైపు రేబిస్ ఉంది, ఇటువైపు లేదు. రాకూడదనే ఏటా విమానంలోంచి నక్కల కోసం మందు పెట్టిన ఎరలు జారవిడుస్తారు. నర్సు ఫోనెత్తింది. తౌనోకి సూదులు మొదలయ్యాయి. ఎయిలాకు బోను పట్టుకుని మా ఆవరణకు వెళ్ళమని కబురొచ్చింది.

పట్టడానికి ఆమె కష్టపడింది లేదు. బూడిదరంగు పిల్లి నడుచుకుంటూ వచ్చి, లివర్ అన్నం తిని, ఇంకా ఉందా అన్నట్టు కూర్చుంది. ఎండుద్రాక్ష కూడా తినేసింది. డిపోలో తూస్తే ఎనిమిది కిలోలు.

"ఇది వీధి పిల్లా?" అంది ఎయిలా. "దీనికి వీధి ఎక్కడ సరిపోయింది?"

మున్సిపాలిటీ పశువైద్యురాలు నూర్మి చిన్న వయసు మనిషి. నిబంధన చెప్పేటప్పుడు నేల చూస్తుంది. "పోయిన చలికాలం నుంచీ ఇది ఎక్కడుందో, ఎవరింట్లో పడుకుందో ఎవరైనా వచ్చి సంతకం పెడితే, ఇంట్లో కట్టడి చేసి కొన్నాళ్ళు చూస్తాం. లేకపోతే సోమవారం పొద్దున సూది. తల హెల్సింకీ పంపాలి."

"తల ఒక్కటేనా?"

"మెదడు పరీక్ష చేయాలి ఎయిలా. బతికుండగా కుదరదు."

"ముందు తౌనో మెదడు పంపి చూడరాదూ?"

"నిబంధన నేను రాయలేదు."

"తెలుసు. రాసినవాడికి పిల్లి ఉండదు."

శుక్రవారం ఎయిలా మా ఇళ్ళన్నీ తలుపు తలుపూ తట్టింది. మనుషులంటే పడని మనిషికి అదెంత పనో ఆలోచించండి. మొదట హెల్వి ఇల్లు.

"పిల్లా? ఏ పిల్లి?" అంది హెల్వి. ఆమె వెనక మెట్టు మీద గిన్నె, గిన్నెలో చేప తోలు. ఎయిలా గిన్నె చూసింది. ఎయిలా చూడడం హెల్వి చూసింది. ఇద్దరూ ఆకాశం వైపు చూశారు.

"మంచు పడేలా ఉంది" అంది హెల్వి.

"పడుతుంది" అంది ఎయిలా.

మా ఇంటికొస్తే మా అమ్మ కాఫీ పోసింది. పిల్లి సంగతి పక్కింటివాళ్ళకు తెలిసి ఉంటుందంది. పక్కింటివాళ్ళు ఆ పక్కింటివాళ్ళకు తెలిసి ఉంటుందన్నారు. పక్కవాళ్ళ విషయం మాట్లాడడం మావాళ్ళ దృష్టిలో దొంగతనం కంటే కొంచెం ఎక్కువ. పైగా తలుపు మీద నోటీసు.

చివరికి తౌనో ఇల్లు. కట్టు కట్టిన చెయ్యి గుండెలకు ఆనించుకుని తలుపు తీశాడు.

"నీకు తెలిసిన పిల్లి కాదంటావు?"

"కాదు."

"సోమవారం తల తీసి పంపుతారు."

తౌనో గుమ్మం పట్టుకున్నాడు. "ఎన్నింటికి?" అన్నాడు.

"పొద్దున."

"ఊ" అని తలుపు వేశాడు.

ఎన్నింటికి అని ఎందుకడిగాడో ఎయిలాకు అప్పుడు తట్టలేదు. పట్టించుకోలేదు కూడా. మూడు ఇళ్ళలో తాగిన కాఫీకి ఆమె కడుపు మండుతోంది.

శనివారం మా అమ్మే ఆమెను ఆవిరిస్నానానికి పిలిచింది. మా ఇళ్ళన్నిటికీ కలిపి ఒకటే గది. ముందు ఆడవాళ్ళ వంతు, తర్వాత మగవాళ్ళది. కాఫీ బల్ల దగ్గర నోరు విప్పనివాళ్ళు అక్కడ విప్పుతారు. చీకటిగా ఉంటుంది, అందరూ పొయ్యి వైపు చూస్తూ కూర్చుంటారు, బట్టలుండవు. దాచుకోవడానికి ఇంకేం మిగిలింది? లోపల జరిగిందంతా మా అమ్మ తర్వాత పూసగుచ్చినట్టు చెప్పింది.

పొయ్యి మీది కాలిన రాళ్ళ మీద రెండు చెంబుల నీళ్ళు పడ్డాక హెల్వి అందట, "మా పెక్కాకి ఏదో ఒకటి చేయాలి" అని.

"పెక్కా ఎవరు?"

"ఆ పిల్లే. పొద్దున నేనే కదా పెట్టేది."

"పొద్దున పెట్టేది నేను" అంది మా అమ్మ. "దాని పేరు మిర్రి. ఆడది."

"మగది" అంది ఎయిలా. "నేను చూశాను."

"మరి నా దగ్గర అంత మర్యాదగా తినేదే."

పై వరస బల్ల మీంచి ఇంకో గొంతు తనది సాయంత్రం వంతని ఒప్పుకుంది. ఎవరికివారు, పాపం దిక్కులేనిది, తను తప్ప ఎవరూ పెట్టరు అనుకున్నారు. అవతలి మెట్ల మీద గిన్నెలు కనిపించలేదా అంటే, కనిపించాయి. అడగడం బాగుండదని అడగలేదు.

"తిండి సరే" అంది ఎయిలా. "పోయిన జనవరిలో ముప్పై డిగ్రీల చలి. రాత్రిళ్ళు బయట గడిపిన పిల్లికి చెవి కొసలు రాలిపోతాయి. దీని చెవులు ఇప్పుడే కుట్టి అతికించినట్టున్నాయి. ఎవరింట్లో పడుకుంది?"

మా ఇంట్లో నాన్నకు పిల్లి బొచ్చు పడదు. హెల్వి మొగుడు అర్వో మంచంలో ఇంకొకరికి చోటు ఉండదు. ఒక్కో ఇల్లూ లెక్క తీసేస్తూ పోతే చివరి ఇల్లు మిగిలింది. ఆ ఆవిరిలోనే అందరి తలలూ అటు తిరిగాయట.

ఆడవాళ్ళ వంతు అయిపోయింది. అందరూ ఎర్రగా ఉడికి బయటికొచ్చారు. ఎయిలా రాలేదు. తువ్వాలు చుట్టుకుని బట్టలు మార్చుకునే గదిలో బల్ల మీద కూర్చుండిపోయింది. మేం ముగ్గురం లోపలికొచ్చాం. తౌనో, అర్వో, నేను. తౌనో కట్టు తడవకుండా చేతికి రొట్టె కొన్న ప్లాస్టిక్ సంచి తొడుక్కున్నాడు.

"ఎయిలా, ఏడైంది" అన్నాడు అర్వో.

"తెలుసు."

"మా వంతు."

"నాకూ గడియారం ఉంది."

మా ఊళ్ళో ఒకడు భార్యను వదిలేసినా, పన్ను ఎగ్గొట్టినా జనం కొన్నాళ్ళకు మరిచిపోతారు. స్నానంలో ఇంకొకరి వంతు తిన్నవాణ్ణి మాత్రం మరిచిపోరు. అర్వో ఎటు చూడాలో తెలియక తలుపు గొళ్ళెం పరీక్షించసాగాడు. ఆఖరికి తౌనో "పదండి" అన్నాడు. వీపులు తిప్పుకుని బట్టలు విప్పి లోపలికి దూరాం.

పొయ్యి మీద మొదటి చెంబు చల్లగానే తలుపు బెత్తెడు తెరుచుకుంది.

"అధ్యక్షా" అంది ఎయిలా గొంతు. "నేనేం అడగడం లేదు. సోమవారం దాన్ని పట్టుకునేది నేనే. పట్టుకుంటే అది గురగురమంటూ నా చంకలో తల పెడుతుంది. ఎవరు పట్టుకున్నా అలాగే పెడుతుంది. ఎవరో బాగా అలవాటు చేశారు. అదొక్కటి నీకు చెబుదామని కూర్చున్నా."

తౌనో ఎడమచేత్తో ఇంకో చెంబు చల్లాడు. రాళ్ళు చాలాసేపు బుస్సుమన్నాయి.

"తలుపు వెయ్యి, వేడి పోతోంది" అన్నాడు.

"వేస్తే వినపడదు."

"ఉపాధ్యక్షుడు."

"ఎవరు?"

"దాని పేరు."

అర్వోకి పొలమారింది. నేను మోకాళ్ళలో తల పెట్టుకున్నాను. తౌనో పొయ్యితో చెప్తున్నట్టుగా చెప్పుకుపోయాడు. పోయిన ఏడాది మంచు పడకముందే వచ్చింది. రాత్రిళ్ళు తన కాళ్ళ మీద పడుకుంటుంది. అది వచ్చినప్పటి నుంచి కట్టెల కొట్టులో ఒక్క ఎలుక అడుగు పెట్టలేదు. మొన్న దాని చెవి వెనక పిడుదు పట్టింది. పిడుదు కుడితే మెదడుజ్వరం వస్తుందని పట్టకారుతో లాగబోయాడు. ఒకసారి జారింది, రెండోసారి బొచ్చు ఊడొచ్చింది.

"అప్పుడు కరిచింది. నేనైనా కరుస్తాను."

"మరి నర్సుకు తెలియని పిల్లి అని ఎందుకు చెప్పావు?"

"నోటీసు మీద సంతకం నాది."

"నీ పిల్లే అని తెలిసి రేబిస్ సూదులు పొడిపించుకుంటున్నావా?"

"వేస్తామన్నారు. వద్దంటే ఎందుకని అడుగుతారు."

మిల్లులో అన్నేళ్ళు తను చూడనట్టు నటించిన మనిషిని ఆ బెత్తెడు సందులోంచి ఎయిలా మొదటిసారి చూసినట్టుంది. "సోమవారం ఎనిమిదింటికి డిపోకి రా. సంతకం పెట్టాలి."

"కుడిచెయ్యి వాచింది."

"ఎడమచేత్తో పెట్టు. అధ్యక్షుడి సంతకం ఎలాగూ ఎవరూ చదవరు." తలుపు మూసుకుంది.

సోమవారం తౌనో ఏడింటికే డిపో ముందు నిలబడ్డాడు. కోటు, టై. నూర్మి ఈసారి నేల చూడలేదు. ఉపాధ్యక్షుణ్ణి తౌనో ఇంట్లోనే ఉంచాలని, గడువు తీరేదాకా గుమ్మం దాటనివ్వకూడదని చెప్పింది. సూదులు ఆపొచ్చు కదా అని తౌనో మెల్లిగా అడిగాడు. పిల్లి సంగతి తేలేదాకా వేయించుకోవాల్సిందే అంది. ఎయిలా కిటికీ వైపు తిరిగి దగ్గింది.

చెత్తడబ్బాల గది తలుపుకి కొత్త నోటీసు వచ్చింది, ఎడమచేతి రాతతో. 'జంతువులకు తిండి పెట్టరాదు. ఉపాధ్యక్షుడికి కూడా పెట్టరాదు. ఆయనకు ఇంట్లో ఉంది.'

గడువు తీరిన రోజు ఎయిలా కాటా పట్టుకుని వచ్చింది. పిల్లి నిక్షేపంగా ఉంది. నిక్షేపం కాటా మీద తొమ్మిది కిలోలకు దగ్గరగా తూగింది.

"ఇల్లు కదలలేదు కదా" అంది ఎయిలా. "ఏం పెట్టావు?"

"నువ్వు చెప్పిన కొలతే."

ఎయిలా వీధి తలుపు దగ్గర వంగింది. తలుపులో ఉత్తరాలు వేసే సందుకున్న రేకు మూత ఎత్తి వాసన చూసింది. చేప. మూత అంచుకి కాస్త వెన్న కూడా అంటుకుని ఉంది. చాప మీద ఉపాధ్యక్షుడు పోస్టు కోసం కూర్చున్నట్టు కూర్చుని ఉన్నాడు.

"ఎవరు వేస్తున్నారో నాకు తెలియదు" అన్నాడు తౌనో.

ఎయిలా కాటా చంకన పెట్టుకుని బయటికొచ్చింది. హెల్వి తన మెట్లు ఊడుస్తోంది. మా అమ్మ ఊడవాల్సిన పని లేకపోయినా మా మెట్లు ఊడుస్తోంది.

"మంచు పడేలా ఉంది" అంది హెల్వి.

"పడుతుంది" అంది ఎయిలా, వ్యాను వైపు నడుస్తూ.