పీట వేసుకుని ఎక్కే కారు

మా కారు డిక్కీలో స్టెప్నీ టైరు ఉందో లేదో ఎప్పుడూ చూసుకోలేదు గానీ, పీట ఉందో లేదో మాత్రం బయల్దేరే ముందు తప్పకుండా చూసుకునేవాళ్ళం. ఆ పీట మా అత్తమ్మది. పొయ్యి ముందు కూర్చోవడానికి చేయించుకున్న చిన్న చెక్కపీట. కారు ఎత్తు ఎక్కువ, ఆమె మోకాళ్ళ నొప్పులూ ఎక్కువే. అందుకని ముందు పీట దిగేది, తర్వాత అత్తమ్మ దిగేది. ఎక్కేటప్పుడు ముందు అత్తమ్మ, తర్వాత పీట.

ఒకసారి పెళ్ళికి వెళ్తే ఫంక్షన్ హాలు గేటు దగ్గర ఎవరో చుట్టాలాయన నవ్వాడు. "ఏంది పెద్దమ్మా, మేం కుర్చీలు వెయ్యమనుకున్నవా?"

"మీ కుర్చీలు మీరే ఉంచుకోండ్రి. ఇది నా మెట్టు" అని అత్తమ్మ పీట చంకలో పెట్టుకుని లోపలికి నడిచింది.

ఆ కారు ఎందుకు కొన్నామో చెప్పాలి. మాది ములకలపల్లి దగ్గర పల్లె. మిర్చి చేలు అయిపోయిన చోట అడవి మొదలవుతుంది. ఊరికీ తారు రోడ్డుకీ మధ్య ఒక వాగు, దాని మీద చప్టా. పక్కన గోడలు లేవు. రెండు వైపులా సున్నం కొట్టిన రాళ్ళు పాతారు, అంతే. అంతకుముందు మాకో చిన్న కారు ఉండేది. చప్టా దిగిన ప్రతిసారీ దాని కడుపు నేలకు గీరుకునేది. ఆ చప్పుడు వింటే మా ఆయన మొహం తన చర్మమే గీరుకున్నట్టు అయిపోయేది. ఒక వానాకాలం ఇంజనులోకి నీళ్ళు పోయి వాగు మధ్యలో ఆగిపోయాక, "ఎత్తు బండి కొందాం" అన్నాడు. కొన్నాడు. తెల్లది.

తెల్లది అంటే, అందరూ కొంటున్నదే. పాల్వంచ వెళ్ళినా, కొత్తగూడెం వెళ్ళినా రోడ్డు నిండా మా కారే. అందులో ఒక సుఖం ఉంది. ఎక్కడ ఆగిపోయినా మెకానిక్కు తెలియదనడు, సామాను లేదనడు. ఇంకో కష్టం కూడా ఉంది. భద్రాచలంలో గోదావరి ఒడ్డున స్నానాలు అయ్యాక మేం బట్టలు సర్దుకుంటుంటే, అత్తమ్మ ముందే నడిచిపోయి, ఎవరిదో తెల్లకారు పక్కన పీట వేసి, తలుపు తెరిచి, కూర్చుంది. లోపల ఉన్నవాళ్ళు పాపం మర్యాదస్తులు. కొత్తావిడ వచ్చి కూర్చుందని సర్దుకుని, పులిహోర పెట్టారు. మేం వెతుక్కుంటూ వెళ్ళేసరికి ఆమె తింటోంది. ఆ తర్వాత మా కారు అద్దానికి పసుపు గుడ్డ కట్టాం.

వెడల్పు ఇంకో బాధ. మా సందులోకి కారు వస్తే మనిషి గోడకు అతుక్కోవాల్సిందే. అత్తమ్మ వడియాలు పెట్టుకునే జాగా దానికే పోయింది. "ఇంటి ముందట ఏనుగును కట్టేసినట్టుంది. మేత మాత్రం డీజిలంట" అనేది. ఊళ్ళో ఎవరింట్లో శుభకార్యమైనా మా కారే అడుగుతారు. ఇస్తే సీటు మీద సున్నుండ నెయ్యి, ఇవ్వకపోతే మాటలు.

ఇవన్నీ ఒకవైపు. నాకు మాత్రం ఆ కారు అంటే మా అమ్మ.

మా పుట్టిల్లు ముదిగొండ దగ్గర. బస్సుల్లో అయితే ఆటో, ఒక బస్సు, దిగి ఇంకో బస్సు, ఖమ్మంలో మళ్ళీ ఇంకోటి. మా పాపకు బస్సు వాసన పడదు. నా చీర కొంగు పాడవ్వకుండా పుట్టింటి గడప తొక్కింది లేదు. అందుకే పండక్కి తప్ప వెళ్ళేదాన్ని కాదు. కారు వచ్చాక ఆదివారం పొద్దున టీ తాగి బయల్దేరితే, మధ్యాహ్నానికి అమ్మ వండిన పప్పుచారు తినేవాళ్ళం. పాప కిటికీ దగ్గర కూర్చుని పామాయిల్ తోటలు చూసుకుంటూ పాటలు పాడేది. అమ్మ "మళ్ళెప్పుడొస్తవు బిడ్డా?" అని అడగడం మానేసింది. వస్తానని ఆమెకు తెలుసు కదా.

అలాంటిది, మా ఆయన ఫ్యాక్టరీ వాళ్ళు మా రోడ్డుకు బస్సు వేశారు. అంతవరకు కారులో డ్యూటీకి వెళ్ళే ఆయన బస్సులో నిద్రపోతూ వెళ్ళి, నిద్రపోతూ రావడం మొదలుపెట్టాడు. ఆదివారాలు కూడా డ్యూటీలు పడసాగాయి. కారు రేకుల కింద కదలకుండా నిలబడింది. కోడిపెట్ట దాని టైరు చాటున గుడ్లు పెట్టింది. ఒకరోజు స్టార్టు చేస్తే బ్యాటరీ దిగిపోయి కిక్కుమనలేదు.

"అమ్మేద్దాం" అన్నాడు మా ఆయన అన్నం తింటూ. "నడిపేటోళ్ళు లేని బండి ఎందుకు?"

"నేన్ నడుపుత" అన్నాను.

"నువ్వా?"

"ఏం, నేర్పినవ్ గదా?"

నేర్పాడు, నిజమే. పామాయిల్ తోట పక్కన మట్టి బాటలో. బానెట్టు ఎత్తుకు నాకు ముందు నేల కనపడదు, మెడ చాపితే క్లచ్చి అందదు. ఆయన "క్లచ్చి! క్లచ్చి!" అని అరిచేవాడు. ఇప్పపువ్వు ఏరుకుని గంపలతో వచ్చే కోయ ఆడవాళ్ళు బాట పక్కన నిలబడి నన్ను చూసి వాళ్ళ భాషలో ఏదో అనుకుని పడి పడి నవ్వారు. వాళ్ళలో ఒకామె మా చేలో మిర్చి ఏరడానికి వస్తుంది. నేను వదినా అంటాను. ఏమన్నారని తర్వాత అడిగితే దాచుకోకుండా చెప్పింది. "నీ బండి కప్ప లెక్క ఎగుర్తాందన్నరు."

కప్ప ఎగరడం మానేసింది గానీ, చప్టా మాత్రం నేను ఒక్కసారీ దాటలేదు. దాని ముందుకు రాగానే దిగి, స్టీరింగు మా ఆయనకు ఇచ్చేసేదాన్ని.

"ముందు చప్టా దాటు. అప్పుడు చూద్దాం నీ డ్రైవింగు" అని ఆయన చేయి కడుక్కున్నాడు. దమ్మపేట నుంచి ఎవరో ఆదివారం కారు చూడటానికి వస్తున్నారని, అందుకే బ్యాటరీ కూడా ఛార్జింగు చేయించానని, చేతులు తుడుచుకుంటూ చెప్పాడు.

ఆ ముందు రోజు, శనివారం. ఆయన డ్యూటీకి వెళ్ళాడు. మా మిర్చి వాగు అవతల కళ్ళంలో ఎండుతోంది. బాగా ఎండింది, చేత్తో పట్టుకుంటే గలగలమంటోంది. మధ్యాహ్నం దాటాక అడవి వైపు నుంచి మబ్బు లేచింది. కళ్ళం దగ్గరున్న వదిన ఫోన్ చేసింది.

"వదినా, మబ్బు పట్టింది. టార్పాలిన్ చాలదు, చిరిగింది. ట్రాక్టరు పంపు జల్దీ!"

ట్రాక్టరాయనకు చేస్తే, ఆయన ఇంకొకరి కళ్ళంలో ఉన్నాడు. ఆ మబ్బుకు అందరి కళ్ళాలూ ఒకేసారి గుర్తొస్తాయి కదా. మళ్ళీ వదినకు చేశాను.

"ట్రాక్టరు లేకపోతేంది, ఏనుగుంది గదా ఇంటి ముందట!" అంది.

నేను అత్తమ్మ వైపు చూశాను. ఆమె పాపను చంకనేసుకుంది. "ఏం చూస్తన్నవ్, పో" అంది. ఇంజను స్టార్టు చేసేసరికి అలవాటు కొద్దీ పీట తెచ్చి డిక్కీలో పడేసింది.

"నువ్వు రావట్లేదు గదత్తమ్మా, పీటెందుకు?"

"ఉండనీ. దేనికన్నా పనికొస్తది."

చప్టా దగ్గర ఆగిపోయాను. నీళ్ళు తక్కువే. కానీ ఎడమ వైపు సున్నపు రాళ్ళు బానెట్టు కింద మాయమయ్యాయి. మా ఆయన ఉంటే దిగిపోయేదాన్ని. దిగి ఎవరికివ్వాలి?

అవతల ఒడ్డు నుంచి వదిన పరుగెత్తుకుంటూ వచ్చింది. చప్టా మీదికి దిగి, నా వైపు తిరిగి, దూడను పిలిచినట్టు రెండు చేతులూ ఊపుతూ వెనక్కి వెనక్కి నడవడం మొదలుపెట్టింది.

"నన్ను చూడు! రాళ్ళను చూడకు. ఇటు... ఇటు రా... ఆఁ, గట్లనే!"

ఆమె మొహమే చూశాను. ఎప్పుడు దాటానో తెలియదు. టైర్ల కింద మట్టి మెత్తగా తగిలాక ఏడుపొచ్చింది.

"ఏడుపు తర్వాత. మిర్చి ముందు" అంది వదిన.

వెనక సీట్లు మడిచేశాం. బస్తాలకెత్తినవి కొన్నే. డిక్కీ కూడా ఎత్తే, బస్తా భుజానికెత్తుకున్నాక అందలేదు. అప్పుడు పీట గుర్తొచ్చింది. దాని మీద నిలబడి వదిన బస్తాలు లోపలికి నెట్టింది. మిగతా మిర్చిని దుప్పట్లలో, నా చున్నీలో, చివరికి ఆమె చేతి సంచిలో కూడా మూటకట్టి, సీట్ల మీదా కింద కాళ్ళ దగ్గరా కుక్కాం. చినుకులు మొదలయ్యాక ఇక ఎత్తలేక కాస్త వదిలేశాం. తిరుగు దారిలో వదిన కిటికీలోంచి తల బయటపెట్టి, వానలో తడుస్తూ, రాళ్ళు చూసి చెప్తూ వచ్చింది. చప్టా దాటి కిటికీ ఎత్తేశాక అద్దాలకు ఆవిరి పడుతోందని ఏసీ వేశాను. అదీ నేను చేసిన పని! లోపల గాలి లోపలే తిరిగి, మిర్చి దుమ్ము లేచి, ఇద్దరం తుమ్ముల మీద తుమ్ములు. తుమ్మినప్పుడు కళ్ళు మూతపడతాయి కదా, అయినా ఇంటికి చేరాం.

సాయంత్రం మా ఆయన బస్సు దిగి తడుస్తూ వచ్చాడు. వసారా నిండా ఎర్రగా, పొడిగా ఉన్న మిర్చి చూశాడు. "ట్రాక్టరు దొరికిందా?" అన్నాడు.

"నీ పెండ్లాం తెచ్చింది" అంది అత్తమ్మ.

ఆయన నా వైపు చూశాడు. కారు వైపు చూశాడు. వెళ్ళి కారు తలుపు తెరిచి లోపల కూర్చున్నాడు. తర్వాత తుమ్ము వినిపించింది. ఆ తర్వాత లెక్కలేదు.

"రేపు వాళ్ళొస్తన్నరు గదనే!" అన్నాడు, కళ్ళు తుడుచుకుంటూ.

తలుపులన్నీ తెరిచి తుడిచాం. గింజలు ఏరాం. నిమ్మచెక్కలు పెట్టాం. అగరుబత్తి వెలిగిస్తే ఇంకా ఘాటైంది. నిజం చెప్తున్నా, నేనూ ఒళ్ళు వంచి తుడిచాను. నా వల్ల బేరం చెడిందన్న మాట నాకొద్దు. కానీ తుడుస్తున్నంతసేపూ పాప పాడుకునే కిటికీయే కళ్ళ ముందు ఉంది.

ఆదివారం దమ్మపేట నుంచి భార్యాభర్తలు వచ్చారు. మంచి మనుషులు. మాట చివర 'అండీ' అంటూ ఎంత మెత్తగా మాట్లాడారో! ఆయన టైర్లు చూశాడు, బానెట్టు ఎత్తి చూశాడు, బాగుందండీ అన్నాడు. ఇద్దరూ ఎక్కి తలుపులు వేసుకున్నారు. ఆయన చేయి ఏసీ మీదికి పోవడం చూసి, "అన్నా, ఏసీ వెయ్యకుండ్రి!" అని అరిచాను. అద్దాలు ఎత్తి ఉన్నాయి, ఎలా వినపడుతుంది?

ముందు ఆవిడ తుమ్మింది. తర్వాత ఆయన. తర్వాత కారు మొత్తం ఊగడం మొదలైంది. తలుపులు తెరుచుకుని ఇద్దరూ చెరో వైపు దూకారు. ఆవిడ కళ్ళలో నీళ్ళు ధార.

"ఏమైందండీ ఈ బండికి?" అన్నాడాయన, ఊపిరి తీసుకుంటూ.

"మిర్చి ఎక్కింది" అంది మా పాప.

నేను వాళ్ళకు మజ్జిగ ఇచ్చి జరిగింది మొత్తం చెప్పాను. ఆవిడ తుమ్ముల మధ్య నవ్వింది. "మాది పామాయిలండీ, దానికి ఈ బాధ లేదు" అంది. వెళ్తూ వెళ్తూ ఆయన, "ఫోన్ చేస్తామండీ" అన్నాడు. ఆ ఫోను రాదని మా అందరికీ తెలుసు.

మా ఆయన మెట్ల మీద కూర్చున్నాడు. "ఘాటు పోయినంక ఇంకొకళ్ళకు చూపిద్దాం" అన్నాడు. నా ఆశ మళ్ళీ కిందికి జారింది.

అప్పుడు అత్తమ్మ లోపలి నుంచి చీర మార్చుకుని, పీట పట్టుకుని వచ్చింది. కారు ముందు తలుపు దగ్గర, ఎడమ వైపు, పీట వేసింది. ఎక్కి కూర్చుంది.

"కోడలా, రా. ములకలపల్లి పోదాం. మోకాళ్ళ నూనె అయిపోయింది."

"నేన్ తెస్త గదమ్మా" అన్నాడు మా ఆయన.

"నువ్వు ఆదివారమొస్తే తెస్తవు. ఇయ్యాల ఉన్నవు గానీ, వచ్చే ఆదివారమేమో డ్యూటీ అంటవు. మంగళవారం నొప్పి లేస్తే నీ బస్సొచ్చి నన్ను ఎక్కించుకుంటదా?" అని అత్తమ్మ ముందుకు చూసుకుంటూ అంది. "చప్టా దాటమన్నవ్. దాటింది. వాన్లకెల్లి దాటింది. ఇంకేంది నీ బాధ?"

నేను వెళ్ళి స్టీరింగు దగ్గర కూర్చున్నాను. మా ఆయన పాపను ఎత్తుకుని వెనక తలుపు తెరిచాడు. ఆ కారు కొన్నప్పటి నుంచి ఆయన వెనక సీట్లో కూర్చోవడం అదే మొదలు. కాళ్ళెక్కడ పెట్టుకోవాలో తెలియక అటూ ఇటూ జరిగాడు. పీట కింద ఉండిపోయిందని అత్తమ్మ చెప్తే, దిగి, తీసుకుని, ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు.

అద్దాలన్నీ దించేశాను. చప్టా మీద నీళ్ళు నిన్నటి కంటే కొంచెం ఎక్కువే ఉన్నాయి, తేటగానే ఉన్నాయి. అత్తమ్మ తల బయటపెట్టి రాళ్ళు చూసింది. "ఇటు... ఇటు... నాకేం తెల్వదు గానీ, నువ్వు పోతనే ఉండు" అంది. క్లచ్చి అని ఎవరూ అరవలేదు.

అవతల మట్టి తగిలింది. వెనక మా ఆయన గట్టిగా తుమ్మాడు. పాప నవ్వింది.

"ముదిగొండ పోయేటప్పుడు మాత్రం ఏసీ వెయ్యకు" అన్నాడు. "మీ అమ్మ భయపడ్తది, ఏడ్చుకుంట వచ్చినమని."

నేను అద్దంలో చూశాను. పీట ఒళ్ళో పెట్టుకుని, ఎర్రబడ్డ ముక్కుతో, కిటికీ బయట పామాయిల్ తోటలు చూస్తున్నాడు. మూడో గేరు వేశాను.