చదువు రానివాళ్లకే ఆ ఉద్యోగం

ఇన్నాళ్లూ నేను రాయకపోవడానికి కారణం బద్ధకం కాదు. నలభై ఏళ్లు దాటేదాకా నాకు అక్షరాలు రావు. వచ్చాక కూడా వచ్చినట్టు ఎవరికీ తెలియనివ్వలేదు. చదువు రాకపోవడం మీదే నా ఉద్యోగం నిలబడి ఉండేది.

నారాయణగూడలో ఒక సందులో, మేడ మీద, ధ్రువపత్రాలు ఇచ్చే ఆఫీసు ఉండేది. తొంభైల మొదట్లో నన్ను అక్కడ అటెండరుగా తీసుకున్న రోజు సూపరింటెండెంటు సారు ఒక పేపరు ముందు పెట్టి చదవమన్నాడు. రాదన్నాను. పేపరు తలకిందులు చేసి మళ్లీ చదవమన్నాడు. నాకు రెండూ ఒకటే. ఆయనకు చాలా సంతోషమైంది. మర్నాటి నుంచే రమ్మన్నాడు.

ఆ ఆఫీసు క్వాంటం శాస్త్రం మీద నడిచేది. సారు వారం రోజులు చెబితే నాకు అర్థమైంది ఇంతే. అర్జీని లోపలి గదిలో యంత్రంలో పెడితే ఒక ఆర్డరు కాగితం వస్తుంది. దాని మీద మంజూరూ ఉంటుంది, నిరాకరణా ఉంటుంది. చదువొచ్చినవాళ్లు ఎవరైనా చూసిన క్షణంలో ఆ రెండింటిలో ఒకటే మిగులుతుంది. ఏది మిగులుతుందో యంత్రానికీ తెలియదు. చదువు రానివాళ్లు చూస్తే మాత్రం ఏమీ కాదు. అందుకే ఫైళ్లు కట్టడం, విప్పడం, దులపడం అన్నీ నా పనులు. గుమాస్తాలు నా పక్కనుంచి వెళ్లేటప్పుడు స్నానాల గది ముందు నుంచి పోతున్నట్టు మొహం తిప్పుకునేవాళ్లు.

చూడాల్సిన అధికారి కుర్చీ ఎప్పటినుంచో ఖాళీ. మిగతా సిబ్బంది కూడా చూడవచ్చు. కానీ చూస్తే రిజిస్టరులో ‘చూసినవారు’ అనే గడిలో సంతకం పెట్టాలి. సంతకంతో ఆర్డరు ఖాయమవుతుంది, అధికారి పని తానే చేసినందుకు పెట్టిన మనిషి ఉద్యోగం పోతుంది. అందుకని ఎవరూ చూసేవారు కాదు. కౌంటరు గుమాస్తా జనానికి ఒకటే మాట చెప్పేవాడు. “మీ పని సగం అయింది, సంబురపడుండ్రి. సగం కాలే, అంటే కాదని గూడ అనలే. దానికి గూడ సంబురపడుండ్రి.”

చిక్కడపల్లిలో నా గదికి పక్క గది ఒక అమ్మాయి కిరాయికి తీసుకుంది. ఊరి నుంచి వచ్చి అశోక్ నగర్‌లో కోచింగ్ తీసుకుంటూ, పొద్దంతా లైబ్రరీలో కూర్చుని సర్కారు పరీక్షలకు చదివేది. నేను బస్సు నంబర్లు పక్కవాళ్లను అడగడం చూసి ఒకరోజు పలక కొనుక్కొచ్చింది. నేను వంట చేస్తుంటే పొయ్యి పక్కన కూర్చుని నేర్పేది. ఏడాది తిరిగేసరికి దుకాణాల బోర్డులు చదివాను. ఆఫీసులో చెప్పలేదు. కాగితాలు పరిచేటప్పుడు చూపును గోడ మీద పెట్టుకోవడం అలవాటు చేసుకున్నాను.

ఆ అమ్మాయికి ఉద్యోగం వచ్చింది. చేరాలంటే స్థానికురాలినని ధ్రువపత్రం చూపించాలి. ఆ అర్జీ మా ఆఫీసులోనే ఉంది. గడువు ఇంకా రెండు రోజులే ఉందనగా వానకు పైకప్పు కారి అల్మారా తడిసింది. నేను ఎప్పటిలాగే ఫైళ్లు విప్పి, ఫ్యాను కింద నేల మీద కాగితాలు ఆరబెడుతున్నాను. ఒక కాగితం గాలికి లేచి కాలికి అంటుకుంది. తీద్దామని వంగాను.

అక్షరాలు వచ్చాక వాటిని చూడకుండా ఉండవచ్చు. చూసి చదవకుండా ఉండలేం. ఆ సంగతి నాకు ఎవరూ చెప్పలేదు.

పైన ఆ అమ్మాయి పేరుంది. కింద రెండు వాక్యాలు ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. రెప్ప వేసేలోపు ఒకటి ఇంకిపోయింది. మిగిలింది చదివాను. ‘నిరాకరించడమైనది.’

అలాగే వంగి ఉండిపోయాను. లేవాలని తోచలేదు. నాకు చదువు చెప్పిన మనిషి నోటి దగ్గరి కూడు నేను ఆ చదువుతోనే తీసేశాను. ఎవరో నన్ను పిలిచారు. నేను పలకకపోయేసరికి సారు వచ్చాడు. నా మొహం చూశాడు, నా చేతిలో కాగితం చూడబోయి కళ్లు గట్టిగా మూసుకున్నాడు.

“చదివినవా?” అన్నాడు, కళ్లు మూసుకునే.

కాగితాన్ని బోర్లించి నేల మీద పెట్టాను.

ఆయనకు కోపం రాలేదు. భయం వేసింది. గుమాస్తాలందరినీ బయటికి పంపి, గొంతు తగ్గించి చెప్పాడు. “నీకు చదువు రాదు. రాదని వేలిముద్ర వెయ్యి. ముద్ర పడ్డదంటే ఎవ్వరు చూడనట్టే. కాగితం మళ్ల రెండు తీర్లయితది. నీ నౌకరి ఉంటది, ఆ పిల్లకు ఆశ ఉంటది.”

వేశాను. సారు నాకు చాయ్ తెప్పించాడు. తాగి, వేలికంటిన సిరాను చీర కొంగుకు తుడుచుకున్నాను.

సాయంత్రం ఆ అమ్మాయికి జరిగిందంతా చెప్పాను. తిడుతుందనుకున్నాను. ముందు నోరు తెరుచుకుని నన్నే చూసింది. “అంత పెద్ద మాట చదివినవా అక్క? కూడబలుక్కొని చదివినవా, ఒక్కసారే చదివినవా?” అని అడిగింది. ఒక్కసారే అన్నాను. నవ్వబోయింది. ఆ నవ్వు మధ్యలోనే మొహం ముడుచుకుపోయి ఏడుపైంది.

తర్వాత మొహం తుడుచుకుని, “పొద్దుగాల మళ్ల చూడు” అంది.

మళ్లీ అదే వస్తే ఎట్లా అన్నాను. నా ఉద్యోగం సంగతి ఎత్తలేదు. అది తనకూ తెలుసు.

“వస్తే వస్తది. చూడకున్నా ఎల్లుండి దాటితే నాకు కాదనే లెక్క. రెండూ ఉండేది మీ ఆఫీసోళ్లకు, అక్క. నాకు ఒక్కటే ఉంటది.” ఆ మాట అన్నాక నన్ను చూడలేక తన గదిలోకి వెళ్లిపోయింది.

మర్నాడు పొద్దున సారు వచ్చేసరికి నేను అల్మారా ముందు నిలబడి ఉన్నాను. ఆయన గొడుగు గోడకు తగిలిస్తుంటే ఫైలు ముడి విప్పాను. వద్దని చెయ్యెత్తాడు. నేను పైకే చదివాను, ఆ అమ్మాయి పేరు నుంచి, ఊరి పేరు నుంచి, ఒక్క మాట వదలకుండా. కింద రెండు వాక్యాలూ ఉన్నాయి. గొంతు అక్కడికి చేరేసరికి ఒకటే ఉంది.

‘మంజూరు చేయడమైనది.’

సారు చెవులు మూసుకున్నాడు, కానీ అప్పటికే వినేశాడు. నిన్న రాదన్నావు కదా అని అడిగాడు.

“నిన్న రాదని చెప్పిన సారు. ఇయ్యాల చదివిన.”

రిజిస్టరు లాక్కుని ‘చూసినవారు’ గడిలో నా పేరు రాశాను. గడి చిన్నది, నా అక్షరాలు పెద్దవి. పక్క గడిలోకి కూడా పోయాయి. సీలు వేయమని కాగితం ముందు పెట్టి, ఆయన వేసేదాకా అక్కడే నిలబడ్డాను. తర్వాత దాన్ని కొంగులో చుట్టుకుని, బస్సు కోసం చూడకుండా చిక్కడపల్లి దాకా నడిచి, ఆ అమ్మాయి తలుపు కొట్టాను.