అప్పీలు తేలేదాకా ఆ పార

సూర్యాపేట కొత్త జిల్లా అయిన మరుసటి ఎండాకాలం బదిలీల్లో నన్ను మిర్యాలగూడ నుంచి సూర్యాపేటలోని ఒక సెషన్స్ కోర్టుకు వేశారు. హోదా సీనియర్ అసిస్టెంట్, సెక్షన్ ప్రాపర్టీ. కోదాడలోని మా ఇంటి నుంచి రోజూ బస్సులో వెళ్లి రావాలి. ఆర్డరు చదివి మా వారు, "చివరికి నీకు కత్తుల కొట్టు అప్పగించారన్నమాట" అని ఒకటే నవ్వు. ఆయనకేం, నవ్వుతారు! అప్పటిదాకా నేను చూసినవల్లా ఫైళ్లు, కాపీ దరఖాస్తులు, వాయిదాల డైరీలు.

కోర్టులో ప్రాపర్టీ అంటే భూములూ ఇళ్లూ అనుకునేరు. నేరం జరిగిన చోట పోలీసులు స్వాధీనం చేసుకుని మాకు పంపే వస్తువులకు ఆ పేరు. గొడ్డలి, రాయి, నెత్తుటి చొక్కా, పగిలిన సెల్‌ఫోను, ఏదైనా సరే. విచారణలో సాక్షి గుర్తుపట్టాక దానికి మెటీరియల్ ఆబ్జెక్ట్ అని ఒక నంబరు పడుతుంది. మేం ఎం.ఓ. అంటాం. నంబరు చీటీ కట్టి, సీలు సరిచూసి, గదిలో పెట్టి తాళం వేయడం నా పని. ఆ గదిలో తుప్పు, పాత గుడ్డలు, లక్క కలిసిన వాసన ఉండేది. మొదటి వారం నాకు అన్నం సయించలేదు. దసరా వస్తే సెక్షన్ వాళ్లు "ఆయుధపూజ మీ గదిలోనే మేడం" అని ఆటపట్టించేవాళ్లు. ఆదివారం చర్చికి పోయేదాన్ని, నాకెందుకయ్యా అన్నా వినరు. కొబ్బరి ముక్కలు ముందు నా టేబుల్ మీదే పెట్టేవాళ్లు. ఇప్పుడు ఆ వాసన కూడా గుర్తొచ్చి మనసు పీకుతుందంటే మా పిల్లలు నమ్మరు.

తీర్పులో శిక్ష సంగతి అయిపోయాక చివర ఒక చిన్న పేరా ఉంటుంది. వస్తువులను ఏం చేయాలో చెప్పేది అదే. విలువైనవైతే ఫలానా వారికి తిరిగి ఇవ్వాలంటారు. విలువలేనివైతే అప్పీలు గడువు తీరాక ధ్వంసం చేయాలంటారు. మేజిస్ట్రేటు వేసిన శిక్ష మీద సెషన్స్ కోర్టుకు అప్పీలు చేసుకోవడానికి ముప్పై రోజులు, సెషన్స్ కోర్టు వేసిన శిక్ష మీద హైకోర్టుకు అరవై రోజులు గడువు. అప్పీలు పడిందా, అది తేలేదాకా ఆ వస్తువు జోలికి పోకూడదు. పైకోర్టు అడిగితే పంపాలి కదా! ఈమధ్య చట్టం మారి సెక్షన్ల నంబర్లు మారాయి గానీ పద్ధతి మాత్రం అదే.

నేను చేరిన ఏడాదే గరిడేపల్లి వైపు ఊరి హత్య కేసు ఒకటి తీర్పుకు వచ్చింది. సాగర్ కాలువ నీళ్ల వంతు దగ్గర ఇద్దరు పక్క పొలాల రైతుల కొట్లాట. నీళ్లు మలపడానికి పార తీసుకుని వెళ్లినవాడు ఆ పారతోనే దెబ్బ తిని చనిపోయాడు. అతని చేతిలోంచి లాక్కుని పక్క పొలం అతను కొట్టాడు, ఒక్క దెబ్బ. ముద్దాయికి యావజ్జీవం పడింది. పార, రక్తం మట్టి, బట్టలు, అన్నీ కలిపి ఎం.ఓ. ఒకటి నుంచి ఐదు దాకా విలువలేనివి గనుక గడువు తీరాక ధ్వంసం చేయాలని చివరి పేరా.

తీర్పు మర్నాడు చనిపోయినతని భార్య యాదమ్మ నా టేబుల్ దగ్గరికి వచ్చింది. కేసులో ఒకటో సాక్షి ఆమే. కూలి పని మధ్యలోంచి వచ్చినట్టుంది, కొంగు నడుముకు బిగించే ఉంది. పక్కన మరిది లింగయ్య. నేను సాక్షులకిచ్చే భోజనం బత్తెం సంగతేమో అనుకున్నాను.

"మా పార మాకియ్యుండ్రి మేడం," అంది.

ఏ పార అని అడిగాను. ఎం.ఓ. ఒకటి అని అర్థమయ్యాక పెన్ను కింద పెట్టాను. అక్కడే ఉన్న కోర్టు కానిస్టేబులు, "ఏందమ్మా, నీ మొగుణ్ణి సంపిన పార నీకెందుకు, భయం లేదా?" అని కసిరాడు.

"పారేం జేసింది సారు? ఎత్తినోడు జేసిండు గని."

మరిది తల పట్టుకున్నాడు. పొద్దున్నుంచి ఇదే మాట, ఊళ్లో నలుగురూ వింటే ఏమనుకుంటారని నాతో మొరపెట్టుకున్నాడు. ఆమె అతని వైపు చూడనైనా చూడలేదు. తుమ్మకర్ర తెచ్చి ఆ పారకు కామ వేసింది ఆమె భర్తేనట. కామ అంటే తెలుసుగా, చేత్తో పట్టుకునే కర్ర. గాజుపెంకుతో గీకి గీకి నున్నగా చేశాడట. దినాలయ్యాక ఆయన బట్టలు, తువ్వాల, చెప్పులు అన్నీ ఆచారం ప్రకారం తీసేశారు. ఆధార్ కార్డులో ఫొటో ఉంది గానీ, "అది ఆయన లెక్క లేదు మేడం, ఎవ్వలో ఉన్నట్టుంటది" అంది. "పోలీసోళ్ల కాడున్నదని పార ఒక్కటే మిగిలింది. ఆయన చెయ్యి పట్టు దాని మీద గట్లనే ఉంటది."

సీలు వేసిన వస్తువును అడిగిన వెంటనే ఇవ్వడం నా చేతుల్లో లేదు. అడగాల్సింది విచారణ నడుస్తున్నప్పుడు. హంతకుడి ఆయుధం కావాలని ఏ భార్యా అడగదని అందరి లెక్క. అడుగు అని ఆమెకు ఎవరూ చెప్పలేదు. తీర్పు సంతకం అయ్యాక మా జడ్జిగారు కూడా దాన్ని మార్చలేరు. మార్చాలంటే పైకోర్టే. ధ్వంసం అంటే ఏమిటని అడిగింది. చెప్పాల్సి వచ్చింది. ఇనుము విరిచేస్తారు, కర్ర కాల్చేస్తారు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని అక్కడే గోడవారగా కూలబడింది.

తర్వాత గడువు ఇంకా మిగిలి ఉండగానే ముద్దాయి జైలు నుంచి హైకోర్టుకు అప్పీలు పెట్టుకున్నాడు. రికార్డు పంపమని మాకు ఉత్తరం వచ్చింది. లింగయ్య ఆ కబురు వినగానే భగ్గుమన్నాడట. యాదమ్మ మాత్రం నా దగ్గరికి వచ్చి నెమ్మదిగా అడిగింది.

"అప్పీలు నడిసినన్ని దినాలు పార ఉంటదా?"

"ఉంటుంది. ఎవరూ ముట్టుకోరు."

"అయితే నడవనియ్యి తల్లీ."

నా సర్వీసులో ఎన్నో రకాల మనుషుల్ని చూశాను. హతుని భార్య ముద్దాయి అప్పీలు పది కాలాలు నడవాలని కోరుకోవడం అక్కడే చూశాను. సూర్యాపేట మార్కెట్‌కు వడ్లు వచ్చే రోజుల్లో ఊరివాళ్ల ట్రాక్టరెక్కి వచ్చేది. మామూలు రోజుల్లో బస్సుకు. అప్పీలు నడుస్తున్నదా అని అడిగేది. నడుస్తోంది అంటే ముఖం విప్పారేది. తాళం వేసిన తలుపు వైపు ఒకసారి చూసి, వస్త మేడం అని వెళ్లిపోయేది. గది తలుపు తెరిచి చూపించమని ఏనాడూ అడగలేదు. ఆమె అడగకపోవడమే నాకు కష్టంగా ఉండేది.

ఒకసారి ముద్దాయి భార్య కూడా అదే పూట వచ్చింది. ఆమెదీ అదే ప్రశ్న, అప్పీలు ఏమైందని. ఇద్దరూ నా టేబుల్‌కు చెరోవైపు నిలబడ్డారు. ఒకే ఊరు, ఒకే కాలువ నీళ్లు తాగేవాళ్లు. ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు. ఇంకా విచారణకు రాలేదని నేను చెప్పాను. ఒకామె ఉసూరుమంది, ఒకామె ఊపిరి పీల్చుకుంది. ఇద్దరిలో ఎవరి మీద జాలిపడాలో నాకు తోచలేదు సుమండీ!

ఇంట్లో ఆమెకు పోరు తప్పలేదు. అన్నను చంపినవాడి కేసు జల్దీ తేలి, శిక్ష ఖాయం కావాలని లింగయ్య. తేలితే పార కాలిపోతుందని ఆమె. "వదినకు పిచ్చి లేసింది మేడం, మీరన్న జర చెప్పుండ్రి" అని అతను నా దగ్గరే గోడు వెళ్లబోసుకున్నాడు. పిచ్చి కాదయ్యా అన్నాను. మరేమిటో చెప్పమంటే మాత్రం నాకు మాట దొరకలేదు. మా వారు పోయాక గానీ దొరకలేదు. ఆయన కళ్లజోడు ఇప్పటికీ నా దిండు పక్కనే ఉంటుంది.

కరోనాకు కోర్టులు మూసినప్పుడు యాదమ్మ గేటు దాకా వచ్చి వెనక్కి పోయిందని తర్వాత తెలిసింది. తెరిచాక కొన్నాళ్లకు అప్పీలు హియరింగు జాబితాలోకి వచ్చింది. ఇక ఈమెకు చెప్పక తప్పదనుకున్నాను. సలహాలివ్వడం మా ఉద్యోగం కాదు. దారి చూపిస్తే తప్పు లేదు. వస్తువుల మీద కింది కోర్టు ఇచ్చిన ఉత్తర్వును అప్పీలు వింటున్న కోర్టు మార్చవచ్చని చట్టంలోనే ఉంది. ఈ మాట నేను మొదట్లోనే చెప్పాను. అడిగితే వద్దంటారేమో, అడక్కపోతే పార కనీసం గదిలోనైనా ఉంటుంది కదా అని ఆమె భయపడి ఆగిపోయింది.

"ఇక ఆగడానికి లేదు యాదమ్మా. తీర్పు వచ్చేలోగా అడగాలి. అడక్కపోతే పాత ఉత్తర్వే అమలవుతుంది," అన్నాను.

తాళం వేసిన తలుపు వైపు చూసింది. "ఇగ అడుగుడే అయితే," అంది.

కోర్టు ఆవరణలోనే ఉచిత న్యాయ సహాయం ఇచ్చే ఆఫీసుకు పంపాను. వాళ్లు హైదరాబాదులో ఒక లాయరుకు అప్పగించారు. అప్పీలులోనే ఒక పిటిషన్ పడింది, పార ఒకటో సాక్షికి ఇప్పించమని. మెయిన్ అప్పీలుతో పాటు వింటామన్నారు. అంతే, ఆమె ఆరాటం తలకిందులైంది. అన్నేళ్లూ తేలొద్దన్న మనిషి ఇప్పుడు ఎప్పుడు తేలుతుందని ప్రాణం మీదికి తెచ్చుకుంది. బస్సు దిగి గేటు దాటకముందే నా కిటికీ వైపు చూసేది. ఇంకా లేదని నేను తల ఊపితే, లోపలికి కూడా రాకుండా వెనక్కి తిరిగేది. ఆ రోజంతా నాకు పని మీద ధ్యాస నిలిచేది కాదు.

చివరికి తీర్పు వచ్చింది. ముందు నేను చదువుకున్నాను, చదివి టేబుల్ మీద పెట్టేశాను. అప్పటికప్పుడు రేగిన గొడవ, ముందే అనుకుని చేసింది కాదు, ఒక్కటే దెబ్బ. అందువల్ల హత్య కాదు, హత్య కింద రాని నరహత్య అన్నారు. యావజ్జీవం తీసేసి, అప్పటిదాకా అనుభవించిన జైలే శిక్షగా సరిపెట్టారు. వేరే కేసులు లేకపోతే వెంటనే విడుదల చేయాలి. చివరి పేరాలో పిటిషన్ అనుమతించారు. ఎం.ఓ. ఒకటి ఒకటో సాక్షికి ఇవ్వాలి, మిగతావి పాత ఉత్తర్వు ప్రకారం.

యాదమ్మ, లింగయ్య వచ్చారు. రెండు సంగతులున్నాయి, ఇద్దరూ వినండి అని చెప్పాను. మొదటి సంగతి వినగానే లింగయ్య కుర్చీ తోసేసి లేచాడు. గిదేం న్యాయం, గా పారేం జేసుకుంటం, నెత్తిన పెట్టుకుంటమా అని కేకలు వేస్తూ వరండాలోకి వెళ్లిపోయాడు. అతన్ని తప్పుపట్టలేను. ఆమె అలాగే కూర్చుంది. నేను రెండో సంగతి కూడా చదివాను.

"ఆడు ఇంటికొస్తడా?" అని అడిగింది.

వస్తాడని చెప్పాను. ఆమె తల దించుకుంది. కన్నీళ్లు జలజలా కారాయి, తుడుచుకోలేదు.

"మంచిది. ఆమె పెనిమిటిని ఆమె తెచ్చుకుంటది," అంది. "నా పార నాకియ్యుండ్రి మేడం. నేను పార తెచ్చుకుంట."

నేను తాళాల గుత్తి అందుకున్నాను. అయినా పద్ధతి పద్ధతే. జడ్జిగారి ఉత్తర్వు తీసుకుని, ఆయన ఎదుట సీలు విప్పి, చీటీ సరిచూసి, ఆమె చేత గుర్తుపట్టించి, రసీదు మీద సంతకం చేయించాను. యాదమ్మ కొంగుతో కామ తుడిచింది. కర్ర మధ్యలో రెండు చోట్ల అరిగి గుంట పడి ఉంది. ఆ గుంటల్లో తన చేతులు పెట్టి చూసుకుంది, వేళ్ల పక్కన ఇంకా చోటు మిగిలింది. "ఆయన చెయ్యి పెద్దగ ఉండె," అని అంది. తర్వాత భుజాన వేసుకుని మెట్లు దిగింది. లింగయ్య వెనకాలే నడిచాడు. బస్టాండు వైపు మలుపు తిరిగేదాకా చూస్తూ నిలబడ్డాను. ఆ తర్వాత ఆమె కోర్టుకు రాలేదు. రావాల్సిన పనేముంది? అయినా చాన్నాళ్లు గేటు వైపు చూసేదాన్ని.

ఆ కేసు వల్ల నేను నేర్చుకున్న పని ఒకటుంది. చనిపోయిన మనిషి వస్తువు ఏదైనా కావాలా అని ఇంటివాళ్లను సాక్ష్యం చెప్పిన రోజే అడగాలి. తీర్పు సంతకం అయ్యాక అడిగితే దారి హైకోర్టు దాకా పోతుంది. తర్వాత సూపరింటెండెంటుగా తిరిగి మిర్యాలగూడ వెళ్లి, రిటైరయ్యేదాకా అక్కడే పనిచేశాను. ప్రాపర్టీ చూసే గుమాస్తాతో ప్రతి కేసులోనూ ఆ మాట అడిగించాను. కావాలన్నవాళ్ల పేరు పబ్లిక్ ప్రాసిక్యూటరుకు తెలియజేస్తే, ఆయన వాదనలో చెప్పేవారు. చాలామంది వద్దనేవాళ్లు. కొందరు మాత్రం ప్రశ్న పూర్తికాకముందే ఆ వస్తువు పేరు చెప్పేవాళ్లు.