నాన్న కుట్టిన పట్టీ

మా నాన్న చెప్పులు కుట్టడం మానేసి ఇది జరిగేనాటికి పాతికేళ్లు. భీమవరం బజారులోకి ప్లాస్టిక్ చెప్పులు వచ్చి పడ్డాక ఆయన చేతిపని అడిగేవాళ్లు లేకపోయారు. కూలికెళ్లి నన్ను చదివించాడు. నా కంట పడకూడదని పనిముట్లన్నీ కాలవలో పారేశాడు.

ఆయన కుర్రతనంలో మా ఊళ్లో పెద్ద రైతుల వీధిలో మావాళ్లు చెప్పులతో నడవకూడదు. వాళ్ల కాళ్లకు చెప్పులు కుట్టిన మనిషి, తనవి మాత్రం చంకలో పెట్టుకుని ఆ వీధి దాటేవాడు. ఆ సంగతి చెప్పేటప్పుడు ఆయన గొంతులో కోపం ఉండేది కాదు. ఆ కోపం నాకొచ్చింది.

టీచర్నై, చివరికి ఆ ఊరి బడికే హెడ్మిస్ట్రెస్‌గా వెళ్లాను. పక్కనున్న రొయ్యల చెరువులోంచి ఉప్పునీళ్లు బడి ఆవరణలోకి ఊరుతున్నాయి. చెరువు యజమానితో మాట్లాడదామని బయల్దేరితే, ఆ కుటుంబం తనకు తెలుసంటూ నాన్న కూడా వచ్చాడు.

పెద్ద రైతుల వీధిలోనే వాళ్లిల్లు. గేటు దగ్గరే నాన్న చెప్పులు విప్పబోయాడు. వద్దన్నాను. మెట్ల దాకా వేసుకొచ్చాడు గానీ, ఆ పది అడుగులూ మోకాలి లోతు బురదలో నడిచినట్టు నడిచాడు.

యజమాని నాన్న కంటే పదేళ్లు చిన్న. నన్ను రండి మేడమ్ గారూ అని కుర్చీలో కూర్చోబెట్టి కాఫీ తెప్పించాడు. నీళ్ల సంగతంతా విన్నాడు. తర్వాత, మెట్ల దగ్గరే నిలబడిపోయిన నాన్న వైపు తిరిగాడు.

"ఏరా, చేతిపని మర్చిపోయావా? ఈ తోలు చెప్పు పట్టీ ఊడిపోయింది చూడు."

పదండి నాన్నా, వెళ్దాం అని నేను లేవాల్సింది. ఈలోపే నాన్న బస్తాలు కుట్టే దబ్బనం, దారం ఇప్పించమన్నాడు. మెట్టు మీద కూర్చుని, ఆ చెప్పు ఒళ్లో పెట్టుకుని కుట్టాడు. నేను కుర్చీలో కూర్చుని కాఫీ తాగాను. మొత్తం తాగాను.

యజమాని చెప్పు తొడుక్కుని రెండడుగులు వేసి చూసుకున్నాడు. రేపే మనుషుల్ని పెట్టి చెరువు గట్టు పక్కన కాలవ తవ్విస్తానన్నాడు.

దారిలో నాన్నని అడిగాను, ఎందుకు కుట్టారని.

"నీ పని అవ్వాలి కదమ్మా" అన్నాడు. తన వేళ్లు చూసుకుంటూ, "చేతిలో పని ఇంకా పోలేదు" అన్నాడు.

ఆ మాటలో సంతోషం ఉంది. నేను భరించలేకపోయింది దాన్నే.

కాలవ తవ్వారు. బడి ఆవరణ ఆరింది. మండలం హెడ్మాస్టర్ల మీటింగులో విద్యాధికారి నా గురించి చెప్పి, పెద్దమనుషులతో మర్యాదగా మాట్లాడి పని సాధించడం ఈవిడ దగ్గర నేర్చుకోవాలన్నారు. అందరూ చప్పట్లు కొట్టారు. లేచి నమస్కారం పెట్టాను.