దిష్టికి కట్టిన ముప్పై వేల బొమ్మ

నేను నందిగామలో డ్రాయింగ్ టీచర్ని. సెలవుల్లో సొంతంగా బొమ్మలు వేస్తాను, చూసినవాళ్లు ‘ఇదేమిటండీ’ అని అడిగితే నాకే చెప్పడం రాని రకం. ఒకసారి హైదరాబాద్ ఎగ్జిబిషన్‌లో ఒకటి పెట్టాను. మూడడుగుల కాన్వాసు, నల్లటి నేల, దాని మీద ఎర్రటి మరకలు. ముప్పై వేలని నిర్వాహకులే చీటీ అంటించారు. జనం ముందు చీటీ చూశారు, తర్వాత బొమ్మ చూశారు, ఆపైన నన్ను జాలిగా చూశారు. టీ కౌంటర్ మాత్రం వారం రోజులూ బాగా నడిచింది.

కొనే నాథుడు లేక తిరిగొచ్చిన ఆ బొమ్మను జగ్గయ్యపేటలో ఇల్లు కట్టుకుంటున్న మా అన్నయ్యకు ఇచ్చేశాను. గొప్ప కోసం చీటీ కూడా తీయలేదు.

“హాల్లోనే పెడతా చెల్లాయ్” అన్నాడు.

నెల తర్వాత వెళ్లి చూద్దును కదా, శ్లాబు మాత్రం పడిన ఇంటి ముందు స్తంభానికి, బూడిద గుమ్మడికాయ పక్కన, ప్లాస్టిక్ కవర్లో నా బొమ్మ! దారిన పోయేవాళ్ల కన్ను ఇంటి మీద పడకుండా దిష్టికి కట్టాడు. నాకు ఒళ్లు మండిపోయింది.

“హాల్లో అన్నావుగా అన్నయ్యా!”

“హాలుకింకా గోడల్లేవుగా! బజార్లో కొన్న రాక్షసి మొహాన్ని ఎవడూ చూడట్లా. దీన్ని చూడకుండా పోయినోడు లేడు.”

వదిన కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నేను విసురుగా వెళ్లి తాడు ముడి విప్పుతున్నాను. ఇంతలో ఎదురుగా ఉన్న బస్టాపులోంచి ఓ పెద్దాయన లేచి వచ్చాడు.

“తీయమాకండమ్మా. మాది వీరులపాడు, మిరప వేస్తాం. మొన్న దీన్ని చూస్తా నిలబడిపోతే బస్సెళ్లిపోయింది. నిరుడు కళ్లంలో మా కాయ తడిసినప్పుడు అచ్చం ఇట్టాగే ఉంది. ఎవరేశారో గానీ, ఆళ్ల కాయా తడిసుంటది.”

వారం రోజుల ఎగ్జిబిషన్‌లో నా బొమ్మ కోసం టీ మానుకున్న మనిషి లేడు. ఈయన బస్సు వదులుకున్నాడు. నేనే వేశానని చెబుదామనుకునేలోపే ఆయన కవరు దగ్గరకు వంగి చీటీ చదివాడు.

“ముప్పై వేలా! గుమ్మడికాయతో కలిపేనా అమ్మా?”

నవ్వాపుకోలేకపోయాను. ముడి మళ్లీ వేశాను, ఈసారి గుమ్మడికాయ కంటే జానెడు పైన.