మైకు ముందు మొదటి వారం

ఆ రోజుల్లో నాకొక గట్టి నమ్మకం ఉండేది: ధైర్యం కొందరికి పుట్టుకతోనే వస్తుందని, దాన్ని పంచేటప్పుడు నేనెక్కడో నిద్రపోయి ఉంటానని. అలాంటి నాకు చంద్రపూర్‌లోని ఒక బస్టాండులో, ఏ బస్సు ఏ ప్లాట్‌ఫారం మీదికి వస్తుందో మైకులో చెప్పే ఉద్యోగం దొరికింది. (దరఖాస్తులో విచారణ గది పని అని మాత్రమే ఉంది; మైకు సంగతి చేరాకే తెలిసింది.) ఇంట్లో తెలుగే అయినా చదివిందంతా మరాఠీలో కాబట్టి భాషకు లోటు లేదు, గొంతుకే లోటు. మీట నొక్కగానే అది దారంలా సన్నబడి, "బల్లార్‌పూర్" అనే మాట మధ్యలోనే తెగిపోయేది. ప్రయాణికులు కిటికీ దగ్గరికొచ్చి ఇప్పుడేమన్నారని అడిగేవారు. అందరూ కాకా అని పిలిచే మా విచారణ గది పెద్దాయన మైకును ఇంకొంచెం నా మూతి దగ్గరికి జరిపేవాడు. నాకదే తిట్టులా ఉండేది.

నాలుగో రోజు మధ్యాహ్నం కాకా టీకి వెళ్ళగానే అమ్మకు ఫోన్ చేశాను. "నాతోని కాదే అమ్మా. గీ మైకు సూస్తేనే ఉరికిపోబుద్ధి అయితున్నది. రేపటి సంది రాను. ఇంటికాడ పత్తి ఏరుకుంట బతుకుత" అని గట్టిగా ముక్కు చీదాను. ఎదురుగా బెంచీల మీది జనం ఒక్కసారిగా తలలెత్తి స్పీకర్ల వైపు చూశారు. మీట నొక్కే ఉంది. (ఆ వారం నేను చెప్పినవాటిలో బస్టాండంతా స్పష్టంగా వినబడింది అదొక్కటే.)

బల్ల కింద దూరుదామా అనుకుంటుండగా ఒక అవ్వ కిటికీ దగ్గరికి ఉరికొచ్చింది.

"గిప్పుడు తెలుగుల మాట్లాడింది నువ్వేనా బిడ్డా?"

నవ్వడానికి వచ్చిందనుకున్నాను. కానీ ఆమె మాటిమాటికీ వెనక్కి తిరిగి బస్సుల వైపే చూస్తోంది. "మా ముసలాయన కనవడ్తలేడు. నిన్ననే ఆపరేషన్ అయింది, ఒక కన్నుకు పచ్చపట్టీ ఉన్నది, రెండోది అంతంతే. నీళ్ళు తెస్తనని పోయిండు. మా లక్కడ్‌కోట్ బస్సేమో ఎల్లెటట్టున్నది. ఎవల్నడిగినా మరాఠీలనే చెప్తున్రు."

"తాత పేరేంది అవ్వా?"

"మొగని పేరు నోట్లకెల్లి ఎట్ల చెప్పాలె బిడ్డా!"

మైకు లాక్కున్నాను. "లక్కడ్‌కోట్ తాతా! కన్నుకు పచ్చపట్టీ కట్టుకున్న తాతా! ఏ బస్సూ ఎక్కకు! ఎక్కితే దిగు! అవ్వ గీడ కిటికీ కాడ ఏడుస్తున్నది!" ఆ వెంటనే మరాఠీలో, కంటికి పట్టీ ఉన్న పెద్దాయన కనిపిస్తే తీసుకురండని చెప్పాను. ఒకసారి కాదు, నాలుగుసార్లు. గొంతు వణికిందో లేదో చూసుకోవడమే మరిచిపోయాను.

కదలబోతున్న గడ్‌చాందూర్ బస్సు ఆగింది. కండక్టర్ చెయ్యి పట్టుకుని తాత దిగాడు. అవ్వ ఎదురెళ్ళి, ముందు అతని భుజం మీద ఒక్కటి చరిచి, తర్వాత కళ్ళు తుడుచుకుంది. తాత మాత్రం ఒంటికన్నుతో నన్ను గుర్రుగా చూశాడు.

"గింత లొల్లి ఎందుకే పిల్లా? మంచి సీటు దొర్కింది. అవ్వకు గూడ జాగ ఆపిన."

వాళ్ళను సరైన బస్సెక్కించి వచ్చేసరికి, కాకా నా బల్ల మీద టీ పెట్టి కూర్చున్నాడు. "అసంచ్ బోల్" (ఇట్లాగే మాట్లాడు) అన్నాడు, అంతే.

ఆ రోజు నాకు ధైర్యం వచ్చేసిందని చెప్పను. అంతవరకూ నా గురించే భయపడుతున్నదాన్ని, ఆ కాసేపు ఇంకొకరి గురించి భయపడ్డాను. మర్నాడు పనికి వెళ్ళాను. "బల్లార్‌పూర్" మళ్ళీ తెగింది. కానీ అతికించి పూర్తి చేశాను.

ఇప్పుడు నా గొంతు దేనికీ వణకదు. సాయంత్రం ఏం కూర వండాలో ఆలోచించుకుంటూనే పది బస్సులను పిలవగలను. అలాంటి రోజుల్లోనే మొదటి వారంలోని ఆ పిల్ల, అంటే అప్పటి నేను, గుర్తొస్తుంది. దానికి పని సరిగా రాదు. అయినా తాత దొరికిన ఆ సాయంత్రం గది తాళం వేసి బయటికొచ్చి, వరసగా నిలబడ్డ బస్సులన్నిటినీ తానే కడుపున కన్నట్టు చూసుకుంటూ నడిచింది. తలుచుకుంటే నవ్వొస్తుంది. కాస్త అసూయ కూడా వేస్తుంది.