ఎర్ర సైకిల్ జప్తు

నేను చిన్నగున్నప్పుడు, అంటే తొంభైలల్ల, చిక్కడపల్లిల మాకు పిండి, నూనె దుకాణం ఉండె. అశోక్‌నగర్‌ల ఒక మిఠాయి సేటు మా నాయన దగ్గర శనగపిండి, నూనె డబ్బాలు ఉద్దెర తీస్కపోయేటోడు. రేపిస్త, మాపిస్త అనుకుంటనే పైసలు ఎగవెట్టిండు. నాయన నారాయణగూడ వకీలును పట్టుకొని కోర్టుల దావా ఏసిండు. వాయిదాలకు తిరిగి తిరిగి దుకాణం సగం ఖాళీ అయింది. బడి ఫీజు కట్టలేక నన్ను ఐదో తరగతితోనే మాన్పిచ్చిండ్రు.

సేటు బిడ్డ నా క్లాసే. నేను బడి మానిన ఏడాదే దానికి ఎర్ర సైకిల్ కొన్నరు. పొద్దుగాల నేను పిండి జల్లెడ పడుతుంటే, అది బెల్లు కొట్టుకుంట మా ముంగట్నుంచే బడికి పోయేది. నాకు కడుపుల మండేది. ఆ సైకిల్ మా పిండిలకెళ్లే వచ్చిందని నాకెరుకే గద. రాత్రి కలల గూడ దాని బెల్లే.

ఆఖరికి కేసు మేమే గెల్సినం. అయినా సేటు కట్టలే. కోర్టు అమీనా వచ్చి ఇంట్ల సామాన్లు జప్తు చేస్తడని నాయన చెప్పిండు. జప్తు అంటే ఆ సామాన్లు మాకే ఇస్తరనుకున్న నేను. అరుగు మీద గోనెసంచులు జరిపి, నీళ్లు కొట్టి కడిగిన.

పక్కింటక్క చూసి నవ్వింది. "ఏందే, పండుగ లేదు పబ్బం లేదు, గీ కడుగుడేంది?"

"నా సైకిల్ వస్తుందక్కా!"

జప్తు దినం నాయన ఎంట నేను గూడ సేటింటికి పోయిన. సేటు సామాన్లు ఏవో నాయన చూపిస్తుంటే అమీనా రాసుకుంటున్నడు. ఫ్రిజ్ రాసిండు, కూలర్ రాసిండు. తర్వాత సైకిల్ దిక్కు చూసిండు. సేటు బిడ్డ హ్యాండిల్ గట్టిగ పట్టుకొని నిలవడ్డది. నాకైతే మస్తు సంబురం.

"ఇది ఎవలది?"

నాయన నా భుజం మీద చెయ్యేసిండు. "నా బిడ్డది సార్. దాని మీదనే వచ్చింది."

అమీనా నన్ను చూసిండు. "నీదేనా బేటా?"

"నాదే సార్!" ఎన్ని దినాల సంది అనాలనుకున్న మాట అది.

"అయితే బయటికి తీస్కపో. అడ్డమున్నది."

సేటు బిడ్డ హ్యాండిల్ ఇడిసిపెట్టింది. నేను గల్లీ మూల దాక నడిపిచ్చుకుంట పోయిన. సీటు ఎండకు వెచ్చగున్నది. ఒక్కసారే బెల్లు కొట్టిన.

సామాన్ల ట్రాలీ పోయినంక నాయన వచ్చిండు. "ఇగ ఇచ్చేసిరా బిడ్డా."

"ఎందుకియ్యాలె? మన పైసలే గద!"

"జప్తు చేస్తే కోర్టోళ్లు వేలం ఏస్తరు. నీకైతే రాదు. బాకీ సేటు చేసిండు గని, ఆ పిల్ల చేసిందా?"

"మరి నా బడి మాన్పిచ్చిండ్రు. నేను చేసిన్నా బాకీ?"

నాయన సైకిల్‌ను సేటింటి దిక్కు తిప్పిండు. "అందుకే బిడ్డా" అన్నడు.

నేను పోయి ఇచ్చేసి వచ్చిన. దాని మొఖం చూడలే. వేలం పైసలు కొన్ని వచ్చినయి గని, అవి దుకాణంలకే పోయినయి. నా బడి మళ్ల రాలే.

ఇప్పుడు ముషీరాబాద్‌ల నాకు కిరాణం ఉన్నది. ఉద్దెర బాకీ అడగనీకి ఎవలింటికన్న పోతే, పిల్లలు బడికి పోయినంకనే తలుపు కొడత. ఎర్ర సైకిల్ కనవడితే మాత్రం, ఇప్పటికీ కడుపుల జర మండుతది.